యాదమ్మ కేక మీద నీ సంతకం

కొత్తగూడ,
ఆదివారం మధ్యాహ్నం.

చంద్రా,

నువ్వు దొంగతనం చేశావు. చేతికి డబ్బు ముట్టలేదు కాబట్టి అది దొంగతనం కాదని నువ్వు అనుకుంటున్నావు. ఒక మనిషి గొంతును ఆమెకు తెలియకుండా తీసుకెళ్ళి, ఆమెను ముందువైపు లిఫ్టు ఎక్కనివ్వని వాళ్ళ చేతిలో పెట్టావు. పెట్టి, నాకు ఫోన్ చేసి "అక్కా, శుభవార్త" అన్నావు. నేను అరిచేసరికి పెట్టేశావు. ఎనిమిది రోజులుగా నా ఫోన్ ఎత్తడం లేదు. అందుకే కాగితం మీద రాస్తున్నాను. ఇది మధ్యలో కట్ అవదు. నీ నెట్ సెంటర్‌లో ఊళ్ళో వాళ్ళ దరఖాస్తులన్నీ చివరి గీత దాకా చదివి గానీ పంపవు కదా, ఇదీ అలాగే చదువు.

అక్కడ అందరూ ఎలా ఉన్నారు? కోపం వచ్చిందని కుశలం అడగడం మానేసే రకాన్ని కాదు నేను. జేజి మోకాలు ఎలా ఉంది? నేను పంపిన నొప్పుల నూనె రాస్తోందా, లేక "దాచిపెట్టుకుంటా" అని బీరువాలో పెట్టిందా? మరదలు సుజాతకు తలనొప్పులు తగ్గాయా? చిన్నమ్మి స్కూల్లో లెక్కల మాస్టరు మారాడంది, కొత్తాయన కొట్టకుండా చెబుతున్నాడా? ఎర్రగుంట్లలో వాన పడిందా?

ఇక్కడ వాన వదలడం లేదు. ఫ్లైఓవర్ కింద మోకాలి లోతు నీళ్ళు నిలిచాయి. అద్దాల మేడలు కట్టడం వచ్చిన ఊరికి వాన నీటిని కాలువలోకి పంపడం రాలేదు. మొన్న ఆఫీసు బస్సు రెండు గంటలు కదలకపోతే దిగి నడిచాను. మర్నాడు జ్వరం. ఇప్పుడు తగ్గింది, నేను బాగానే ఉన్నాను, జేజికి చెప్పి కంగారు పెట్టకు. మా పాటల గుంపులో డ్రమ్స్ వాయించే సునీత నర్సు కదా, డ్యూటీ నుంచి వస్తూ మందులు, ఇడ్లీలు తెచ్చిచ్చింది. ఉద్యోగం మామూలే. సాఫ్ట్‌వేర్ ఎలా వాడాలో చెప్పే పుస్తకాలు రాస్తున్నాను, వాటిని ఎవరూ చదవరు. క్యాంటీన్‌లో ఏడు రకాల సలాడ్లు పెడతారు, ఒక్కదానిలోనూ కారం ఉండదు. జేజి నూరే చెనిక్కాయల ఊరిమిండి, సంగటి మీదికి మనసు పోతోంది. కానీ ఇప్పుడు పంపకు. నువ్వు పంపింది ఏదైనా ఈ వారం నాకు గొంతు దిగదు.

ఇక విషయానికి వస్తాను. నువ్వు ఏం చేశావో నీకు తెలియదని నాకు తెలుసు. తెలియకపోవడంలో నా వాటా కూడా ఉంది. పద్దెనిమిదేళ్ళుగా ఇక్కడ ఉంటూ, అందులో పదకొండేళ్ళు ఈ పాటల్లో ఉంటూ, ఇంటికి వచ్చినప్పుడల్లా "మీకు అర్థం కాదులే" అన్నట్టు నవ్వి ఊరుకున్నాను. ఊళ్ళో జనం కోసం పాడతానని చెప్పుకునే మనిషి సొంత తమ్ముడికి పాట విప్పి చెప్పలేదు. అది నా తప్పు. దాన్ని ఇక్కడే ఒప్పుకుంటున్నాను కాబట్టి ఇక దాని వెనకాల నువ్వు దాక్కోకు.

పంక్ అంటే ఏమిటని ఒకసారి అడిగావు. సంగీతం రానివాళ్ళు కూడా, చెప్పాల్సింది ఉంటే, గురువు కోసం ఎదురుచూడకుండా వేగంగా, గట్టిగా వాయించి చెప్పేసే పద్ధతి. శ్రుతి తప్పితే ఎవరూ పట్టించుకోరు. మా గుంపుకి 'రంపం' అని పేరు పెట్టింది నేనే. నాన్న పనిచేసిన పాలిష్ ఫ్యాక్టరీలో నాపరాయిని రంపం కోసేటప్పుడు వచ్చే చప్పుడు నీకు గుర్తుండే ఉంటుంది. పిల్లలం చెవులు మూసుకునేవాళ్ళం. నాన్న మూసుకునే వీలు లేక చివరికి చెవుడు తెచ్చుకున్నాడు. ఆ చప్పుడు ఫ్యాక్టరీ ఓనరు ఇంట్లోకి కూడా వినిపించాలని నాకు అప్పటి నుంచీ కోరిక.

మా మొదటి కచేరీ ఆఫీసు వార్షికోత్సవం. ఒక్కో టీమ్ ఒక్కో సినిమా పాట పాడాలన్నారు. మేం ఒక సినిమా పాట పేరు రాసిచ్చి, స్టేజి ఎక్కి, ఆ నెల ఉద్యోగాలు పోయిన వాళ్ళకు మేనేజర్లు చెప్పిన మాటల్ని ఉన్నవి ఉన్నట్టు పాడాం. "నువ్వు మా కుటుంబం లాంటివాడివి, ల్యాప్‌టాప్ రిసెప్షన్‌లో ఇచ్చి వెళ్ళు." రెండో చరణానికి మైకు తీసేశారు. మేం క్యాంటీన్ కంచాలు వాయిస్తూ పూర్తి చేశాం. వెనక వరసల్లో కుర్రాళ్ళు లేచి నిలబడి అరిచారు, ముందు వరసల వాళ్ళు ఫోన్లు చూసుకున్నారు. గిటార్ వాయించిన ఇమ్రాన్‌కు పక్షం తిరక్కుండానే ఉద్యోగం పోయింది. అతనికీ అదే మాట చెప్పారు, కుటుంబం లాంటివాడివని! ఇప్పుడు క్యాబ్ నడుపుతాడు. గిటార్ డిక్కీలో ఉంటుంది. ఎక్కినవాళ్ళు ఏసీ వేయమంటే "ఏసీ పని చేయడం లేదు సార్, పాట వినిపించమంటారా" అంటాడు.

తర్వాత నా అపార్ట్‌మెంట్ సెల్లార్‌లో సాధన చేశాం. సంఘం సెక్రటరీ నోటీసు పట్టుకుని దిగాడు.

"మేడమ్, ఇది న్యూసెన్స్ అండి."

"మొన్న మూడు రోజులు ఇక్కడే డీజే పెట్టారు కదండీ?"

"అది పండగ అండి."

"మాకూ ఆదివారం పండగేనండి."

"పండగ ఎప్పుడో కమిటీ చెబుతుందండి," అన్నాడాయన, నిజంగా. నేను కల్పించడం లేదు.

కొత్తగూడ రోడ్డు పక్కన నడవడానికి చోటే లేదని, ఆ లేని చోటు మీదే నిలబడి పాడాం. పోలీసులు జీపు ఎక్కించుకుపోయారు. ఎస్సై అడిగాడు, "ఏందమ్మా ఈ లొల్లి? పర్మిషన్ ఉన్నదా?" అని. సునీత ఎంత మర్యాదగా చెప్పిందనుకున్నావు! "ఫుట్‌పాత్ మీద పాడటానికి పర్మిషన్ కావాలంటే, ముందు మీరు ఫుట్‌పాత్ చూపించండి సార్, దానికి దరఖాస్తు పెట్టుకుంటామండి." ఎస్సై నవ్వాడు, టీ తెప్పించాడు. నవ్వి, టీ తాగించి కూడా సాయంత్రం దాకా కూర్చోబెట్టాడు. ఈ ఊళ్ళో మంచితనం అంతవరకే వెళుతుంది.

ఇవన్నీ నీకు గొప్పలు చెప్పడానికి రాయడం లేదు. మా పాట ఎలా తయారవుతుందో తెలిస్తేనే నువ్వు దేని మీద సంతకం పెట్టావో తెలుస్తుంది. ప్రతి ఆదివారం మధ్యాహ్నం శేరిలింగంపల్లిలో సునీత అద్దెకుంటున్న ఇంటి ముందు గదిలో కూర్చుంటాం. వచ్చిన ప్రతివాళ్ళూ ఆ వారం పనిలో తాము విన్న మాట, లేదా అన్న మాట, ఒక్కటి చెప్పాలి. నచ్చిన మాట పాటలోకి పోతుంది. అక్షరం మార్చం. రెండు నియమాలు. పాట కింద ఎవరి పేరూ ఉండదు. మాట ఇచ్చినవాళ్ళు ఎప్పుడు వద్దన్నా, ఆ రోజు నుంచి ఆ పాట పాడం. కారణం అడగం. ఒక సెక్యూరిటీ గార్డు తన మాట వెనక్కి తీసుకున్నాడు, ఎందుకో మాకు ఈ రోజుకీ తెలియదు. జనం "అది పాడండి, అది పాడండి" అని అడుగుతున్నా, దాన్ని ఆపేశాం. మాట ఇచ్చినవాళ్ళను మేం ఇలా గౌరవిస్తాం, మా దగ్గర వేరే మర్యాదలు లేవు.

యాదమ్మ మా దగ్గరికి మొదట పాట కోసం రాలేదు, పోట్లాటకు వచ్చింది. సునీత ఇంటి వెనక సందులోనే ఉంటుంది. ఒక ఆదివారం తలుపు దబదబా బాది, "ఏందమ్మా ఇది! వారంల ఒక్కనాడు పండుకుందామంటే నెత్తి మీద బండలు పగలగొడ్తున్నరు!" అంది. మేం ఆపేశాం. సునీత "తప్పయిపోయిందండి, లోపలికి రండి, టీ తాగి తిట్టండి" అంది. వచ్చి కూర్చుంది. టీ అయ్యేలోపు మా కథంతా అడిగింది. "అయితే పనిల జరిగింది చెప్పాలె, గంతేనా?" అని తన సంగతి చెప్పింది.

ఆమె నార్సింగి వైపు ఉన్న పెద్ద గేటెడ్ టవర్లలో ఊడ్చి తుడిచే పని చేస్తుంది. అక్కడ పనివాళ్ళు ముందువైపు లిఫ్టులు ఎక్కకూడదు. వాళ్ళకూ చెత్త డ్రమ్ములకూ కలిపి వెనకాల ఒక సర్వీస్ లిఫ్టు ఉంటుంది. ఒక రోజు అది రెండంతస్తుల మధ్య ఆగిపోయింది. లోపల దీపం పోయింది. అలారం బటన్ నొక్కితే లోపలికి పడిపోయింది. పక్క గోడ అవతల ముందు లిఫ్టులు ఎక్కుతూ దిగుతూ ఉన్న చప్పుడు, వాటిలో జనం నవ్వుకుంటున్న చప్పుడు ఆమెకు వినిపిస్తూనే ఉంది. "ఓ... ఎవలన్నా ఉన్నరా!" అని గంటకు పైగా అరిచింది. ఎవరూ రాలేదు. చెత్త డ్రమ్ములు కిందికి రాలేదని ఎవరో ఫిర్యాదు చేస్తే అప్పుడు తీశారు. ఆ పూట ఆమెకు హాజరు వేయలేదు, పని చేయలేదు కాబట్టి.

ఆ పాట పేరు 'సర్వీస్ లిఫ్ట్'. రికార్డు చేసిన రోజు, ఎలా అరిచావో ఒక్కసారి అరిచి చూపించు యాదమ్మా అన్నాం. స్నానాల గదిలోకి వెళ్ళి, తలుపు వేయించుకుని, అరిచింది. ఇవతల సునీత చేతిలో పుల్లలు గాలిలోనే ఆగిపోయాయి. ఇమ్రాన్ లేచి తలుపు తీశాడు. బయటికి వచ్చిన యాదమ్మ ముఖం చూసి రెండోసారి అడగలేకపోయాం. పాటలో ఉన్నది ఆ ఒక్క కేకే.

ఆ పాటను మేం పంచిపెట్టలేదు, దానంతట అదే వెళ్ళింది. టవర్లలో పనిచేసే ఆడవాళ్ళు ఫోన్లలో పెట్టుకున్నారు. పొద్దున్నే సర్వీస్ లిఫ్టులో పదిమంది ఇరుక్కుని నిలబడి, అది పెట్టుకుని పైకి వెళ్ళేవాళ్ళట. ఒక టవర్ సంఘం వాళ్ళు సర్వీస్ లిఫ్టులో ఫోన్ మోగించకూడదని బోర్డు రాయించారు. మా పదకొండేళ్ళలో మాకు దక్కిన అవార్డు ఆ బోర్డు.

దాన్ని సరిగ్గా ఇంటర్నెట్‌లో పెట్టాలంటే పాటల సైటు హక్కుదారు పేరు రాయమంది. మాకు పేర్లుండవు. మూడు ఆదివారాలు వాదించుకున్నాం. నా పేరంటే నేను ఒప్పుకోను, ఇమ్రాన్ పేరంటే ఇమ్రాన్ ఒప్పుకోడు. సొంతం అన్న మాటే తప్పని నేను అరగంట ఉపన్యాసం ఇచ్చాను. చివరికి నేనే అన్నాను, "మా తమ్ముడి పేరు పెడదాం. వాడికి పాటల గొడవ లేదు, పార్టీ లేదు, ఆశ లేదు. ఫారాలు మాత్రం తప్పు లేకుండా నింపుతాడు." అందరూ నవ్వారు, సరే అన్నారు. పాటకు యజమాని ఉండకూడదని అంత పోట్లాడి, ఆ పాట ఎందుకు పుట్టిందో తెలియని ఒకడిని యజమానిని చేశాం. మా లాంటివాళ్ళు మాత్రమే చేయగల తెలివితక్కువ పని అది. ఆ మూడు ఆదివారాలూ యాదమ్మ అక్కడే గోడకానుకుని కూర్చుని బఠాణీలు తింటూ ఉంది. ఆమె పేరు పెడదామని మాలో ఒక్కరికీ తోచలేదు. పేర్లు వద్దనుకునే విలాసం పేరున్నవాళ్ళకే ఉంటుంది, చంద్రా. ఈ వారం నేను నేర్చుకున్నది ఇది.

ఇప్పుడు నీ భాగం. ఒక బిల్డర్ మనుషులు ఆ పాట విని, హక్కుదారు ఎవరా అని చూసి, తమ ప్రకటనలో వాడుకుంటామని నీకు మెయిల్ పెట్టారు. నువ్వు నన్ను ఒక్క మాట అడగకుండా అనుమతి ఉత్తరం రాసి, సంతకం పెట్టి, స్కాన్ చేసి పంపావు. ఫోన్‌లో నువ్వు అన్నది నాకు అక్షరాలా గుర్తుంది. "అక్కా, నేను రూపాయి అడగలే. మా అక్క పేరు మాత్రం ఎయ్యండి సార్ అన్నా. ఏసినారు. సినిమా హాళ్ళల్లో గూడా వస్తాదంట. ఊర్లో అందరికీ చూపిస్తాండా."

చూపించావు కదా, నువ్వు చూశావా? నలభయ్యో అంతస్తు మీద నీలం రంగు ఈతకొలను. ఒక కుటుంబం పరుగెత్తుకుంటూ వచ్చి అందులోకి దూకుతుంది. దూకేటప్పుడు "ఓ..." అని ఒక కేక. అది యాదమ్మది. 'ఎవలన్నా ఉన్నరా' అన్నది కోసేశారు. పాటలో ఒక్క మాట మిగల్చలేదు. కేక, కింద సునీత డ్రమ్స్, ఆ పైన బిల్డర్ పేరు. అడుగున చిన్న అక్షరాల్లో 'సంగీతం: వసుధ'. పదకొండేళ్ళలో మొట్టమొదటిసారి ఒక పాట కింద ఒక పేరు పడింది. అది నాది. దాని పైన ఉన్నది బిల్డర్‌ది.

యాదమ్మ పనిచేసే టవర్లు కూడా ఆ బిల్డర్‌వే. లాబీలో పెద్ద తెర ఉంటుంది. యాదమ్మ నేల తుడుస్తుంటే ఆమె గొంతే ఆమె నెత్తి మీద వినిపించింది. తుడుస్తున్నంతసేపూ, మళ్ళీ మళ్ళీ.

పోయిన ఆదివారం వచ్చింది. కూర్చోమంటే కూర్చోలేదు.

"వసుధమ్మా, గా లాబీ టీవీల నా గొంతు వస్తున్నది. మా సూపర్‌వైజరు అంటుండు, యాదమ్మా, హీరోయిన్ అయినవ్, ఇగ బకెట్ ఎవలు మోస్తరని. నేను సచ్చిపోతనేమో అని ఒర్లిన. ఆళ్ళు దానికి ఈతలు కొడ్తున్నరు."

నేను నీ సంగతి చెప్పాను. మా తమ్ముడు తెలియక ఇచ్చాడు, డబ్బు తీసుకోలేదు అన్నాను, అదేదో నిన్ను కాపాడే మాట అన్నట్టు.

"పైసల్ తీస్కోలేదా?" అంది. "అంటే ఉట్టిగనే ఇచ్చిండా? నాది ఉట్టిగనే ఎట్లిస్తడమ్మా?"

దానికి జవాబు నువ్వే చెప్పాలి. నీ దగ్గర ఉంటే రాయి.

ఇమ్రాన్ నేల చూస్తూ అన్నాడు, "అక్కా, బురా మత్ మాన్నా, ఏమనుకోకు. తెర మీద ఉన్నది నీ పేరు. నువ్వు అమ్మలేదని మాకు తెలుసు. బయటోళ్ళకు ఎట్ల తెల్వాలె?" మాకు తెలుసు అనే ముందు అతను ఒక్క క్షణం ఆగాడు. ఆ క్షణాన్ని నేను విన్నాను. సునీత నా వైపు మాట్లాడబోయింది. "పాపం ఆయన మంచికే చేసుంటారండి..." యాదమ్మ మధ్యలోనే అంది, "మంచికే చేస్తరమ్మా అందరు. లిఫ్టు వేరే పెట్టింది గూడ శుభ్రం కోసమేనట, మంచికే." తర్వాత అంది, "నా మాట నేను వాపస్ తీసుకుంటున్న. ఇగ ఆ పాట పాడకుండ్రి." అని వెళ్ళిపోయింది.

నియమం నియమమే. ఆపేశాం. సర్వీస్ లిఫ్టులో ఆడవాళ్ళకూ కబురు పెట్టాం, వాళ్ళ ఫోన్లలోంచి తీసేస్తున్నారు. చూశావా ఎలా అయిందో? ఆమె గొంతు ఆమె మనుషుల దగ్గర ఆగిపోయింది, వాళ్ళ తెర మీద మాత్రం మోగుతోంది.

నువ్వు ఫోన్ పెట్టేసే ముందు ఒక మాట అన్నావు. "ఇన్నేండ్లు నువ్వు అరుస్తాంటే ఎవురూ ఇనలే గదక్కా. ఇప్పుడు ఇంటాండారు. అదీ తప్పేనా?" ఆ మాట నన్ను ఎనిమిది రోజులుగా కొరుకుతోంది, ఎందుకంటే అందులో నా మీద నీకున్న ప్రేమ ఉంది, నా పదకొండేళ్ళ మీద నీకున్న జాలి కూడా ఉంది. రెండింటికీ కలిపి జవాబు చెబుతున్నాను. వాళ్ళు వినడం లేదు, చంద్రా. గోడ అవతల లిఫ్టులో ఉన్నవాళ్ళకు కూడా ఆ కేక వినిపించే ఉంటుంది. వినిపించడానికీ వినడానికీ మధ్య ఏముందో తెలుసుకోవాలంటే చీకట్లో ఒక గంట నిలబడాలి. ఈ ఊరు అలాగే కట్టారు. పొలాలు ఇచ్చినవాళ్ళు ఇప్పుడు గేటు దగ్గర నిలబడి లోపలికి వెళ్ళేవాళ్ళకు సలాం కొడుతున్నారు. ఇటుకలు మోసినవాళ్ళు రేకుల షెడ్లలోంచి ఇంకో పునాదికి వెళ్ళిపోయారు. ఇప్పుడు మిగిలింది గొంతు. దాన్ని కూడా అడిగారు, నీలాంటి మంచివాడు "తీసుకోండి సార్" అన్నాడు. నేను చెడ్డవాళ్ళతో పోట్లాడటం నేర్చుకున్నాను. మంచివాళ్ళతో ఎలా పోట్లాడాలో నాకు ఇంకా తెలియడం లేదు, అందుకే ఉత్తరం ఇంత పొడుగైంది.

"మాటిచ్చినా, ఎనిక్కి తీసుకుంటే నా పరువేం కావల్ల?" అని కూడా అన్నావు. నువ్వు ఇచ్చిన మాట నీది కాదు. నీది కానిదాన్ని ఇచ్చి, ఇచ్చానని పరువు అంటే ఎలా? మా గదిలో సెక్యూరిటీ గార్డు వెనక్కి తీసుకుంటే మేం ఆపాం. పాట పోయింది, మా పరువు పోలేదు.

నీ అనుమతి ఉత్తరం నకలు నేను బిల్డర్ ఆఫీసు నుంచి తెప్పించుకుని చదివాను. మూడో పేరాలో ఒక వాక్యం ఉంది: హక్కుదారు రాతపూర్వకంగా కోరితే వాడకం నిలిపివేస్తారని. ఏ దరఖాస్తునైనా చివరిదాకా చదివే నీ అలవాటే ఆ వాక్యం పెట్టించి ఉంటుంది. నేను వాళ్ళ ఆఫీసుకు వెళ్ళాను. చల్లటి గదిలో ఒక అమ్మాయి చాలా మర్యాదగా చెప్పింది, "మేడమ్, హక్కుదారు అడగాలి, మీరు కాదు." నా పాట గురించి నేను అడగడానికి వీల్లేదు. యాదమ్మ గొంతు గురించి యాదమ్మ అడగడానికి వీల్లేదు. అడగగలిగినవాడివి ఈ ప్రపంచంలో నువ్వు ఒక్కడివే, నువ్వు ఫోన్ ఎత్తడం లేదు.

యాదమ్మ రేపటి నుంచి నాలుగు రోజులు సెలవు పెట్టింది. లాబీలోకి అడుగు పెట్టలేకపోతున్నానంది. ఐదో రోజు రాకపోతే వేరే మనిషిని పెట్టుకుంటామన్నారు. అందుకే తొందర చేస్తున్నాను.

నా గురించి బెంగ వద్దు. నేను బాగానే ఉన్నాను. తింటున్నాను, నిద్రపోతున్నాను. ఇవాళ ఆదివారం, సునీత ఇంటికి వెళ్ళలేదు. గదిలో అందరూ నన్ను చూసి మాట్లాడటం ఆపేస్తే తట్టుకోలేననిపించింది. ఈ పదకొండేళ్ళలో ఆదివారం మధ్యాహ్నం ఇంట్లో ఒక్కదాన్నే కూర్చోవడం ఇదే మొదటిసారి. కిటికీలోంచి చూస్తే తడిసిన క్రేన్లు తప్ప ఏమీ కనబడటం లేదు. ఇది జేజికి చదివి వినిపించేటప్పుడు ఈ పేరా వదిలెయ్యి.

జేజి కాళ్ళకు నా బదులు నువ్వు మొక్కు, నాకు ఆమె దీవెన మామూలు కంటే ఎక్కువ అవసరం ఉందని చెప్పు. సుజాతను అడిగానని చెప్పు, చిన్నమ్మిని దగ్గరికి తీసుకో. పక్కింటి పెద్దమ్మకు నమస్కారాలు, ఆమె కూడా నీ ఫోన్‌లో ఆ ఈతకొలను చూసే ఉంటుంది. నీకంటే పెద్దదాన్ని కాబట్టి నిన్ను దీవించాల్సిన దాన్నే. పని అయ్యాక దీవిస్తాను.

కోపం తగ్గని, నిన్ను వదులుకోని
నీ అక్క,
వసుధ

నువ్వు చేయాల్సినవి:

1. ఈ ఉత్తరం అందిన రోజే బిల్డర్‌కు రాతపూర్వకంగా రాయి. వాడకం ఆపమని, లాబీ తెర మీద నుంచి ముందు తీయమని. మర్యాద మాటలు వద్దు, రెండు వాక్యాలు చాలు.

2. నకలు నాకు పంపు. ఇమ్రాన్‌కు, సునీతకు చూపించాలి.

3. పాట హక్కు కాగితం యాదమ్మ పేరు మీదికి మార్చు. మా గుంపు నియమం ఒప్పుకోదు. గుంపుతో నేను పోట్లాడుకుంటాను. ఫారం నువ్వు నింపు.

4. ఆ ప్రకటన ఎవరెవరికి చూపించావో వాళ్ళందరికీ అది లిఫ్టులో చిక్కుకున్న మనిషి సాయం కోసం వేసిన కేక అని చెప్పు. జేజికి మొదట చెప్పు.

5. నా పేరు ఇంకెప్పుడూ దేని కిందా పెట్టించకు.

6. ఆదివారం లోపు బస్సెక్కి రా. డబ్బు, చీర, పళ్ళు ఏమీ తేవద్దు. యాదమ్మ ఇంటికి నేను తీసుకెళతాను. మంచికే చేశానని ఆమెతో అనకు. ఆమె కూర్చోమంటే కూర్చో. కూర్చోమనకపోతే నిలబడి, ఆమె చెప్పినంతసేపూ విను.